నోటీసు లేకుండా ఫైనల్ సీనియారిటీ జాబితా మార్చేశారు. మన మాట వినక్కర్లేదా?

నాంపల్లి_సెక్షన్ | సోమవారం, రాత్రి 9:12

అందరికీ నమస్కారం. హైదరాబాద్‌లో ఒక డైరెక్టరేట్‌లో అసిస్టెంట్‌గా చేస్తున్నాను. శాఖ పేరు రాయను, దయచేసి మీరూ ఊహించి రాయొద్దు.

మా బ్యాచ్ అంతా సర్వీస్ కమిషన్ ఒకే నోటిఫికేషన్‌లో వచ్చినవాళ్లం. పోస్టింగులు మాత్రం విడతలుగా ఇచ్చారు. 2019లో తాత్కాలిక సీనియారిటీ జాబితా పెట్టి అభ్యంతరాలు అడిగారు, 2020లో ఫైనల్ చేశారు. చేరిన తేదీ లెక్కన వేశారు. అందులో నాది 38. ఆ జాబితా మీదే ప్రమోషన్ ప్యానెళ్లు (ప్రమోషన్‌కి అర్హుల జాబితాలు) కూడా నడిచాయి.

మొన్న శుక్రవారం సాయంత్రం తపాల్ సెక్షన్ అబ్బాయి ఒక మెమో కాపీ నా టేబుల్ మీద పెట్టి సంతకం పెట్టమన్నాడు. ఒకటిన్నర పేజీ. "కొందరు ఉద్యోగుల విన్నపాలను పరిశీలించిన మీదట, మెరిట్ ర్యాంకుల ఆధారంగా తుది సీనియారిటీ జాబితాను సవరించడమైనది" అని ఒకే ఒక్క వాక్యం, మిగతాదంతా రిఫరెన్సులే. వెనక జాబితా. నా పేరు 61 దగ్గర ఉంది. ఎవరి విన్నపాలు, ఏం రాశారు, ఎప్పుడిచ్చారు, ఏమీ లేదు. రిమార్క్స్ కాలమ్ మొత్తం ఖాళీ.

మా సూపరింటెండెంట్‌గారిని అడిగితే "రూల్ ఉంది, రూల్ ప్రకారం చేశారు, నీకు నోటీసు దేనికయ్యా" అన్నారు. కొత్త ప్యానెల్ ఇయర్‌కి జాబితా తయారవుతోంది. 38లో ఉంటే ఈసారి నా పేరు వచ్చేది. ఏం చేయాలి?

రిటైర్డ్_సూపరింటెండెంట్ | సోమవారం, రాత్రి 9:47

బాబూ, ముందు రెండు పనులు చెయ్యి. మెమో తీసుకున్న తేదీ నీ కాపీ మీద రాసుకో. రేపే ఆ విన్నపాల కాపీలు కావాలని ఒక రిప్రజెంటేషన్ ఇచ్చి ఇన్‌వార్డ్ నంబరు, ముద్ర వేయించుకో. నోటితో అడిగినవాటికి ఏ ఆఫీసులోనూ ఆనవాలు ఉండదు.

నేను ఎస్టాబ్లిష్‌మెంట్ సీట్లోనే ఎక్కువ సర్వీసు చేశాను. పద్ధతి ఏమిటంటే, తాత్కాలిక జాబితా అందరికీ సర్క్యులేట్ చేస్తారు, గడువిస్తారు, వచ్చిన ప్రతి అభ్యంతరానికీ జవాబు రాస్తారు, ఆ తర్వాత ఫైనల్. ఫైనల్ అయ్యాక తప్పు దొరికితే దిద్దకూడదని కాదు. దిద్దొచ్చు. కానీ దిద్దితే ఎవరు కిందికి పోతారో వాళ్లకు "ఇలా మార్చదలచాం, మీరేమంటారు" అని ముందు కాగితం వెళ్లాలి. మా రోజుల్లో అటెండర్ స్టాంప్ రిజిస్టరు పట్టుకుని టేబుల్ టేబుల్‌కి తిరిగేవాడు. ఇప్పుడు వాట్సాప్ గ్రూపులో పీడీఎఫ్ పడేసి సర్వీస్ అయిపోయిందంటున్నారట.

ఉప్పల్_తమ్ముడు | సోమవారం, రాత్రి 10:20

సార్ చెప్పింది కరెక్టే గానీ, గా రిజిస్టర్లు గిజిస్టర్లు ఎవడు చూస్తుండు ఇప్పుడు? మా ఆఫీసుల గూడ గట్లనే జేసిన్రు. అన్నా, నువ్వు ముందుగాల సంఘం నాయకుల దగ్గరికి పో. జర గట్టిగ లొల్లి జేస్తే మెమో ఆపుతరు.

రిటైర్డ్_సూపరింటెండెంట్ | సోమవారం, రాత్రి 10:31

తమ్ముడూ, సీనియారిటీ తగాదాలో సంఘం ఎటూ మాట్లాడదు. పైకెళ్లినవాడూ సభ్యుడే, కిందికొచ్చినవాడూ సభ్యుడే. చందా ఇద్దరి దగ్గరా తీసుకుంటుంది.

ఉప్పల్_తమ్ముడు | సోమవారం, రాత్రి 10:33

గది నిజం 😀

మేడ్చల్_టీచర్ | మంగళవారం, ఉదయం 6:55

ఇది చదువుతుంటే 2021 డిసెంబరు గుర్తొస్తోంది. జీవో 317 వచ్చాక కొత్త జిల్లాలకు కేటాయింపు అంతా సీనియారిటీ మీదే నడిచింది కదా. మా సబ్జెక్టు జాబితాలో నా పేరు పక్కన చేరిన తేదీ తప్పు పడింది. అది సరిచేయమని అభ్యంతరం ఇస్తే తీసుకున్నారు, ముద్ర కూడా వేశారు. జవాబు మాత్రం రాలేదు. నేరుగా కేటాయింపు ఆర్డరే వచ్చింది.

నేను చెప్పేదేంటంటే, అభ్యంతరాలు "స్వీకరించడం" వేరు, "వినడం" వేరు. పెట్టెలో వేయించుకుని తాళం వేస్తే విన్నట్టు కాదు. మీది ఇంకా అన్యాయం, మీకు పెట్టె కూడా పెట్టలేదు.

వకీలు_బాబాయ్ | మంగళవారం, ఉదయం 8:40

సర్వీసు కేసులు చూస్తుంటాను కాబట్టి రాస్తున్నా. ఇది సలహా మాత్రమే, కాగితాలు చూడకుండా ఎవరూ ఖాయంగా చెప్పలేరు.

మొదట ఒక అపోహ తీసేద్దాం. రాజ్యాంగం 311(2) మనకిక్కడ నేరుగా పనికిరాదు. అది డిస్మిస్, తొలగింపు, శిక్షగా హోదా తగ్గించడం గురించి. జాబితాలో నంబరు మారడం శిక్ష కాదు. చాలామంది అఫిడవిట్ మొదటి పేజీలోనే 311 అని రాసి జీపీ (గవర్నమెంట్ ప్లీడర్) చేతికి ఆయుధం అందిస్తారు.

మనకు కావలసింది సహజ న్యాయ సూత్రం. ఒరిస్సాలో ఒక ప్రభుత్వ డాక్టరమ్మ పుట్టినతేదీని సర్కారు తనే మార్చేసి ముందుగా రిటైర్ చేయించింది. విచారణ జరిపామన్నారు గానీ ఆ నివేదిక ఆమె చేతికివ్వలేదు. బీనాపాణి దేయి కేసు, 1967. అది పరిపాలనా ఉత్తర్వే అయినా, మనిషి హక్కుల మీద దెబ్బ పడేటప్పుడు ఆమె చెప్పేది వినాల్సిందే అని సుప్రీంకోర్టు తేల్చింది. ఇక 1994లో భగవాన్ శుక్లా కేసు. రైల్వే గార్డు ఒకాయన మూలవేతనాన్ని పాత తేదీ నుంచి 190 రూపాయల నుంచి 181కి తగ్గించారు, నోటీసు లేదు. తొమ్మిది రూపాయలు! "పొరపాటు దిద్దాం" అన్నది రైల్వే వాదన. దిద్దాలన్నా ముందు ఆయన్ని అడగాలని చెప్పి ఆ ఉత్తర్వును కొట్టేశారు. మీ సూపరింటెండెంట్‌గారి "నోటీసు దేనికయ్యా" ప్రశ్నకు జవాబు ఈ రెండో కేసే.

సీనియారిటీ ప్రాథమిక హక్కు కాదు, సివిల్ హక్కు. కానీ ప్రమోషన్‌కి పరిగణనలోకి తీసుకోవడం రాజ్యాంగం 16(1) కింద ప్రాథమిక హక్కని 1999 అజిత్ సింగ్ తీర్పు చెప్పింది. 38 నుంచి 61కి పోతే ఈ ప్యానెల్లో మీ పేరు పరిగణనకే రాదు. ఈ సంగతి మీ రిప్రజెంటేషన్లో స్పష్టంగా రాయండి.

ఇంకొకటి, వినడం అంటే తప్పనిసరిగా ఎదురుగా కూర్చోబెట్టి మాట్లాడించడం కాదు. కారణాలు చెప్పి, ఆధారాలిచ్చి, రాతపూర్వకంగా జవాబిచ్చే వ్యవధి ఇచ్చి, ఆ జవాబు చదివినట్టు ఆర్డరులో కనబడితే చాలు.

పాత_రూల్‌బుక్ | మంగళవారం, మధ్యాహ్నం 1:15

అందరూ సానుభూతి చూపిస్తున్నారు, నేను కొంచెం అటువైపు మాట్లాడతాను.

స్టేట్ అండ్ సబార్డినేట్ సర్వీస్ రూల్స్ 1996, రూల్ 33 ఎవరైనా తెరిచి చూశారా? మామూలుగా మొదటి నియామక తేదీనే సీనియారిటీ. కానీ కమిషన్ ఇచ్చిన ఎంపిక జాబితాలో మెరిట్ వరుస ఉంటే, వాళ్ల మధ్య ఆ వరుసను చెదరగొట్టకూడదు. ఎవరికి ముందు పోస్టింగ్ దొరికింది, ఎవరి సర్టిఫికెట్ల తనిఖీ ఆలస్యమైంది అన్నది అభ్యర్థి చేతిలో ఉండదు కాబట్టే ఆ ఏర్పాటు. అంటే 2020 జాబితానే తప్పు. ఇప్పుడది దిద్దారు.

మరి ఈయన్ని పిలిచి అడిగితే ఏం చెప్పేవారు? "నా ర్యాంకు తక్కువే గానీ నేను ముందు చేరాను" అనేగా. దానికి రూల్‌లో జవాబుంది. ఫలితం మారనప్పుడు నోటీసు ఒక తంతు. కోర్టులు కూడా ఇది అంటున్నాయి. మన ఈసీఐఎల్ కేసే చూడండి, 1993, రాజ్యాంగ ధర్మాసనం. విచారణ నివేదిక ఉద్యోగికి ఇచ్చి తీరాలన్నారు, నిజమే. కానీ ఇవ్వనంత మాత్రాన ఆర్డరు దానంతటదే ఎగిరిపోదు, ఇవ్వకపోవడంవల్ల నష్టమేం జరిగిందో చూడాలి అని కూడా అదే తీర్పులో ఉంది. ఆ రెండో సగం ఎవరూ చెప్పరు.

వకీలు_బాబాయ్ | మంగళవారం, మధ్యాహ్నం 2:05

రూల్‌బుక్ గారి పాయింటు బలమైనదే, కొట్టిపారేయను. గవర్నమెంట్ ప్లీడర్ కూడా మొదట ఇదే అంటారు. అయితే ఫలితం మారదని ఎప్పుడు అనొచ్చు? వాస్తవాల మీద తగాదా లేనప్పుడు, ఒకే ఒక్క ముగింపు సాధ్యమైనప్పుడు. 1980లో ఎస్.ఎల్. కపూర్ కేసులో ఆ మినహాయింపును అంతవరకే ఉంచారు. ఇక్కడ వాస్తవాలన్నీ ఒప్పుకున్నవేనా అన్నది అసలు ప్రశ్న. అది నాంపల్లి తమ్ముడే చెప్పాలి. నిన్ను దాటి పైకి వెళ్లిన 23 మందీ ఒకే ఎంపిక జాబితా, ఒకే యూనిట్ (సీనియారిటీ లెక్కగట్టే పరిధి) వాళ్లేనా?

నాంపల్లి_సెక్షన్ | మంగళవారం, రాత్రి 8:30

బాబాయ్ గారూ, ఈ ప్రశ్న నాకు తట్టనే లేదు. సాయంత్రం ఆఫీసు వదిలాక కూర్చుని రెండు జాబితాలూ పక్కపక్కన పెట్టి స్కేలు ఆనించి ఒక్కో పేరూ చూశాను.

23 మందిలో ఎక్కువమంది మా యూనిట్లోనే మొదటి నుంచీ ఉన్నారు. వాళ్ల ర్యాంకులు నాకంటే మంచివే, ఒప్పుకుంటాను. కానీ కనీసం నలుగురు మొదట జిల్లా యూనిట్లలో చేరి, ఆ తర్వాత హైదరాబాద్ వచ్చినవాళ్లు. అందులో ఇద్దరు భార్య ఉద్యోగం ఇక్కడుందని సొంత అభ్యర్థన మీద వచ్చారని అందరికీ తెలుసు. వాళ్ల రిలీవింగ్ రోజు టీ పార్టీకి నేనూ వెళ్లాను. మిగతా ఇద్దరి సంగతి తెలియదు.

రిటైర్డ్_సూపరింటెండెంట్ | మంగళవారం, రాత్రి 8:52

అదిగో! సొంత అభ్యర్థన మీద యూనిట్ మారినవాడికి కొత్త యూనిట్లో చేరిన తేదీ నుంచే సీనియారిటీ. పాతది వదులుకుంటానని అండర్‌టేకింగ్ రాయించుకునే పంపిస్తారు. పరిపాలనా అవసరం మీద పంపితే పాత సీనియారిటీ కాపాడతారు. ఆర్డరులో "ఆన్ రిక్వెస్ట్" అన్న ముక్క ఉందా లేదా అన్నదే మొత్తం తేడా.

రూల్‌బుక్ గారూ, నోటీసు ఇచ్చి ఉంటే ఈయన ఏం చెప్పేవాడని అడిగారు కదా. ఇది చెప్పేవాడు.

పాత_రూల్‌బుక్ | మంగళవారం, రాత్రి 9:10

సరే, ఆ నలుగురి వరకు నాకు అభ్యంతరం లేదు. నలుగురి సర్వీస్ రిజిస్టర్లు చూడాల్సిందే. మిగతా 19 మంది మాటేమిటి? వాళ్ల విషయంలో నా వాదన అలాగే ఉంది.

రైల్‌నిలయం | బుధవారం, ఉదయం 7:20

నేను కేంద్ర ఉద్యోగిని, మాకు క్యాట్ (కేంద్ర పరిపాలనా ట్రైబ్యునల్) ఉంది. మీకు ట్రైబ్యునల్ లేదు కదా ఇప్పుడు?

రిటైర్డ్_సూపరింటెండెంట్ | బుధవారం, ఉదయం 7:48

2016లోనే తెలంగాణకు రద్దయింది. ఇప్పుడు రాష్ట్ర ఉద్యోగి నేరుగా హైకోర్టులో రిట్ వేయాల్సిందే. సందర్భం వచ్చింది కాబట్టి ఒక పాత ముచ్చట. రాజ్యాంగం 371-డి కింద మొదట ఏర్పడిన ట్రైబ్యునల్ తీర్పులను రాష్ట్ర ప్రభుత్వం తనే రద్దు చేయొచ్చు, మార్చొచ్చు అని రాజ్యాంగంలోనే ఒక వెసులుబాటు ఉండేది. ఉద్యోగి గెలుస్తాడు, ఓడిన ప్రభుత్వం ఆ తీర్పును కొట్టేస్తుంది! 1986 డిసెంబరులో సాంబమూర్తి కేసులో సుప్రీంకోర్టు దాన్ని చెల్లదంది. అప్పుడు నేను కొత్తగా చేరిన ఎల్‌డీసీని (లోయర్ డివిజన్ క్లర్కుని), సెక్షన్లో మిఠాయి పంచారు.

రైల్‌నిలయం | బుధవారం, ఉదయం 8:15

బాగుంది సార్. మా దగ్గర క్యాట్‌కి వెళ్లాలంటే తుది ఉత్తర్వు వచ్చిన ఏడాదిలోపు వెళ్లాలి. రిప్రజెంటేషన్ ఇచ్చి జవాబు రాకపోతే ఆరు నెలలు చూసి, ఆ పైన ఏడాది. మీకు హైకోర్టులో అలాంటి గీత లేదని ధీమాగా ఉండొద్దు. సీనియారిటీలో ఆలస్యం చేసినవాడి మాట ఎవరూ వినరు. 2009లో శిబశంకర్ మహాపాత్ర కేసులో మూడు నాలుగేళ్లు దాటితే కుదిరిన జాబితాను కదపొద్దన్నారు. ప్రమోషన్ అయితే ఆరు నెలలు, మహా అయితే ఏడాది అని 1974 నుంచే ఉంది.

అన్నట్టు ఈ లెక్క మీ పక్షాన కూడా పనిచేస్తుంది. 2020లో ఫైనల్ అయినదాన్ని ఇన్నేళ్ల తర్వాత "కొందరి విన్నపాల" మీద ఎలా తిరగదోడారు? ఆలస్యంగా ఇచ్చిన విన్నపానికి జవాబిచ్చినంత మాత్రాన చచ్చిన క్లెయిము బతకదని 2008లో సి. జాకబ్ కేసులో చెప్పారు.

ఉప్పల్_తమ్ముడు | బుధవారం, ఉదయం 9:02

అన్నా ఒక్క డౌటు. గా ఫైల్ ఎవరు పుటప్ జేసిన్రు? సీట్ల కూసున్నోడే జాబితాల ఉంటడు శానా సార్లు.

నాంపల్లి_సెక్షన్ | బుధవారం, మధ్యాహ్నం 1:40

తమ్మీ, భలే చోట పట్టుకున్నావ్. ఆ సీటు చూసే ఆయన మా బ్యాచే. 52 నుంచి 40కి వచ్చాడు. ఇది కూడా రాయాలా?

వకీలు_బాబాయ్ | బుధవారం, మధ్యాహ్నం 3:10

జాగ్రత్త. 1969 క్రైపాక్ కేసు ఈ విషయంలో పెద్ద దిక్కు. జమ్మూకశ్మీర్‌లో అటవీ సర్వీసుకి ఎంపిక బోర్డులో తాత్కాలిక చీఫ్ కన్జర్వేటర్ సభ్యుడు, ఆయనే అభ్యర్థి కూడా. తన పేరు వచ్చినప్పుడు లేచి బయటికెళ్లాడు గానీ తన పోటీదారుల పేర్లు వచ్చినప్పుడు కూర్చునే ఉన్నాడు. ఎంపిక మొత్తం పోయింది.

కానీ ఆయన నిర్ణయించే బోర్డులో ఉన్నాడు. మీ వాడు నోట్ పెట్టాడు, సంతకం హెచ్‌ఓడీది (శాఖాధిపతిది). రెండూ ఒకటి కాదు. దురుద్దేశం అంటగడితే ఆయన్ని పేరుపెట్టి ప్రతివాదిగా చేర్చాలి, రుజువు చూపాలి. చూపలేకపోతే మిగతా మంచి పాయింట్లు కూడా పలచబడతాయి. "సదరు ఫైలు సమర్పించిన ఉద్యోగి కూడా ఈ సవరణ వల్ల లబ్ధి పొందినవారే" అని వాస్తవం వరకు ఒక్క వాక్యం రాసి ఊరుకోండి. ఆరోపణ మీరు చేయొద్దు, జడ్జిగారికి కనబడుతుంది.

సమాచార హక్కు దరఖాస్తు పది రూపాయలు పెట్టి వేయండి. కానీ ఆ నలుగురి సర్వీస్ రిజిస్టర్ కాపీలు అడగొద్దు. వ్యక్తిగత సమాచారం అని 8(1)(జె) కింద తిప్పి పంపుతారు, 2012 గిరీశ్ దేశ్‌పాండే తీర్పు అతికిస్తారు. వాళ్ల బదిలీ ఉత్తర్వులు, సీనియారిటీ ఫైలు నోట్ షీట్లు, 2019లో వచ్చిన అభ్యంతరాల రిజిస్టరు అడగండి. అవి ఆఫీసు నిర్ణయాల కాగితాలు, కాదనడం కష్టం.

మెరిట్_ర్యాంకు | బుధవారం, రాత్రి 11:05

రెండు రోజులుగా ఈ చర్చ చదువుతున్నా. రాయకూడదనుకున్నా గానీ ఉండబట్టలేదు.

నాంపల్లి అన్నా, మీరెవరో నాకు తెలియదు గానీ శాఖ ఏదో అర్థమైంది. ఆ 23 మందిలో నేనొకణ్ని. ఏ జిల్లా నుంచీ రాలేదు, ఏ రిక్వెస్టూ పెట్టలేదు. నా ర్యాంకు మీకంటే పైన. మీకు మొదటి విడతలో పోస్టింగు వచ్చింది. నా కుల ధ్రువీకరణ పత్రం తనిఖీకి పంపి నెలల తరబడి కూర్చోబెట్టారు. పత్రం సరైనదే అని తేలాక చేరాను. అది నా తప్పా?

ఇక్కడ అందరూ "కొందరి విన్నపాలు ఇన్నేళ్ల తర్వాత" అంటున్నారు. నేను 2019లో తాత్కాలిక జాబితా పెట్టిన వారంలోనే అభ్యంతరం ఇచ్చాను. ఇన్‌వార్డ్ నంబరు నా దగ్గరుంది. ముద్ర వేసిన కాపీ లామినేషన్ చేయించి పెట్టుకున్నా. దానికి అవుననీ కాదనీ ఒక్క ముక్క రాయకుండా 2020లో ఫైనల్ చేశారు. ఆ తర్వాత రిమైండర్లు ఇస్తూనే ఉన్నా. అప్పుడు నా మాట ఎవరు విన్నారు? అప్పుడు మీరెవరూ సహజ న్యాయం అనలేదు.

మేడ్చల్_టీచర్ | గురువారం, ఉదయం 6:40

తమ్ముడూ, మీరు చెప్పింది మొదటి రోజే ఎవరైనా చెప్పి ఉండాల్సింది. మీ అభ్యంతరానికి అప్పుడే జవాబు రాసి ఉంటే ఈ రోజు నాంపల్లి గారు 38 అనే నంబరు పెట్టుకుని ఇన్నేళ్లు ఆశపడేవారే కాదు. ఒకే ఆఫీసు ఇద్దరి నోరూ నొక్కింది, ముందు ఒకరిది, తర్వాత ఇంకొకరిది.

పాత_రూల్‌బుక్ | గురువారం, ఉదయం 9:25

నేను మంగళవారం నుంచి చెబుతున్నది ఇదే. నోటీసు లేదని మెమో మొత్తం కొట్టేయిస్తే ఈ కుర్రాడి గతి ఏమిటి? మళ్లీ 2020 జాబితా లేస్తుంది, దాని మీద ప్యానెల్ వేస్తారు, ఈయన మళ్లీ రిమైండర్లు మొదలుపెట్టాలి. పైగా కోర్టు ఏం చేస్తుంది? "నోటీసులిచ్చి మళ్లీ నిర్ణయించండి" అని అదే ఆఫీసుకి పంపుతుంది. అదే సీటు, అదే సంతకం.

నాంపల్లి_సెక్షన్ | గురువారం, రాత్రి 8:05

మెరిట్ అన్నా, మీ బాధ అబద్ధం అనను. 2019లో మీ అభ్యంతరం సంగతి నాకు తెలియదు, తెలిసే వీలూ లేదు, ఎవరూ సర్క్యులేట్ చేయలేదు. మీ ఒక్కరి విషయంలో అయితే నేను కోర్టుకి వెళ్లేవాణ్ని కాదేమో. కానీ రిక్వెస్ట్ మీద వచ్చినవాళ్లను కూడా మీతో కలిపి గంపగుత్తగా నా నెత్తిన పెట్టారు. నాకు నోటీసు ఇచ్చి ఉంటే మీరు వేరు, వాళ్లు వేరు అని నేనే రాసిచ్చేవాణ్ని.

నలుగురు తప్పుకుంటే నేను 57. ప్యానెల్ ఎక్కడిదాకా వస్తుందో చెప్పలేం గానీ 57కీ 61కీ తేడా ఉంటుంది.

మెరిట్_ర్యాంకు | గురువారం, రాత్రి 8:40

ఆ నలుగురి వల్ల నాకూ నష్టమే అన్నా. అందులో ముగ్గురు నా పైన ఉన్నారు.

వకీలు_బాబాయ్ | గురువారం, రాత్రి 9:30

ఇప్పుడు కేసు ఒక ఆకారానికి వచ్చింది. రూల్‌బుక్ గారి భయానికి జవాబు: కొట్టేయమని మాత్రమే అడగనక్కర్లేదు. మెమోని తాత్కాలిక జాబితాగా పరిగణించి, ప్రభావితులందరికీ నోటీసులిచ్చి, 2019 నాటి పెండింగ్ అభ్యంతరాలతో సహా అన్నిటినీ ఫలానా గడువులోగా కారణాలు రాసి పరిష్కరించాలని, అప్పటిదాకా చేసే ప్రమోషన్లు తుది ఫలితానికి లోబడి ఉండాలని ప్రార్థన (కోర్టుని అడిగే కోరిక) రాయొచ్చు. ఇలా అయితే పాత జాబితా లేచి కూర్చోదు. కోర్టు అలాగే ఇస్తుందని హామీ ఇవ్వలేను, కానీ ఇది ఒప్పుకోదగ్గ ప్రార్థన. రేపు కౌంటర్లో (కోర్టుకిచ్చే జవాబులో) ఆఫీసువాళ్లు కొత్త కారణాలు కల్పించినా మెమోలో లేనివి పనికిరావు. 1977 మొహిందర్ సింగ్ గిల్ తీర్పు ఉంది కదా, ఉత్తర్వు తన కారణాల మీదే నిలబడాలి.

ఇక ప్రతివాదులు. ఇక్కడే చాలా రిట్లు చతికిలబడతాయి. ప్రభుత్వాన్నీ హెచ్‌ఓడీనీ చేర్చి ఊరుకుంటారు.

రైల్‌నిలయం | గురువారం, రాత్రి 9:52

కానీ మా సికింద్రాబాద్ కేసులో అందర్నీ చేర్చక్కర్లేదన్నారు కదా? దక్షిణ మధ్య రైల్వే జనరల్ మేనేజర్ వర్సెస్ సిద్ధాంతి, 1974.

వకీలు_బాబాయ్ | గురువారం, రాత్రి 10:10

మంచి ప్రశ్న. అక్కడ సవాలు చేసింది రైల్వే బోర్డు పెట్టిన సూత్రాన్ని, ఫలానా వ్యక్తి నంబరును కాదు. సూత్రం మీద దాడి అయితే ప్రభుత్వం ఎదురుగా ఉంటే సరిపోతుంది. ఇక్కడ సూత్రం మీద మనకు తగాదా లేదు, మెరిట్ వరుస సరే అంటున్నాం. "ఈ నలుగురు నా పైన ఉండకూడదు" అంటున్నాం. అలాంటప్పుడు ఆ నలుగుర్నీ పేరుపెట్టి చేర్చాలి. మిగతా 19 మందిలో కొందరినైనా ప్రాతినిధ్య హోదాలో, అంటే అందరి తరఫున, చేర్చాలి. 1984 ప్రబోధ్ వర్మ తీర్పు నుంచీ ఇదే. 2012లో విజయ్ కుమార్ కౌల్ కేసులో ప్రభావితులను చేర్చనందుకు కూడా ఉద్యోగులు ఓడిపోయారు. నన్ను వినకుండా నిర్ణయించారని కోర్టుకెళ్లి, ఇంకొకర్ని వినకుండా నిర్ణయించమని అడగలేం కదా.

ఉప్పల్_తమ్ముడు | గురువారం, రాత్రి 10:14

బాబాయ్, ఖర్సెంతైతది?

వకీలు_బాబాయ్ | గురువారం, రాత్రి 10:16

వకీలుని బట్టి, తమ్మీ. ఇక్కడ ధరల పట్టిక పెట్టను 😀

నాంపల్లి_సెక్షన్ | మంగళవారం, రాత్రి 9:20

అప్‌డేట్. రిప్రజెంటేషన్ ఇచ్చాను, ముద్ర వేశారు. ఇన్‌వార్డ్ క్లర్కు "మీది ఐదోది సార్ ఈ వారం" అన్నాడు, అంటే కిందికెళ్లినవాళ్లు ఇంకా ఉన్నారు. సమాచార హక్కు దరఖాస్తు కూడా పడింది, దానికి 30 రోజులు ఉంటుంది. ప్యానెల్ అంతదాకా ఆగదు కాబట్టి ముందే రిట్ వేసేద్దామని మా వకీలుగారు అంటున్నారు. హైకోర్టు గేటు దగ్గర జిరాక్స్ షాపులో పాత జాబితా, కొత్త జాబితా సెట్లు తీయిస్తుంటే షాపతను చూసి "సీనియారిటీనా సార్, స్పైరల్ కొట్టనా, స్టేపులా" అని అడిగాడు. రోజూ ఇవే వస్తాయనుకుంటా.

ఆ నలుగురిలో ఇద్దరి బదిలీ ఆర్డర్లు మా సెక్షన్ గార్డ్ ఫైల్లోనే దొరికాయి. ఒకటి "ఆన్ రిక్వెస్ట్". రెండోది మాత్రం "పరిపాలనా కారణాలపై" అని ఉంది. ఆయన విషయంలో నేను అనుకున్నది నిలబడదు. టీ పార్టీలో విన్నది వేరు, కాగితం మీద ఉన్నది వేరు. ఆయన్ని ఈ జాబితా నుంచి తీసేశాను.

రిటైర్డ్_సూపరింటెండెంట్ | మంగళవారం, రాత్రి 9:35

మంచి పని చేశావు బాబూ. మిగతా ఇద్దరి ఆర్డర్లు కూడా చూసే దాకా "మా సమాచారం మేరకు" అని రాయించు, ఖాయంగా రాయించకు.

పాత_రూల్‌బుక్ | మంగళవారం, రాత్రి 9:58

23తో మొదలై ముగ్గురికి వచ్చింది. ఈ పని ఆఫీసు చేయాల్సింది, ఒక నోటీసు, పది రోజుల వ్యవధి. సరే, 19 మంది విషయంలో తప్ప మిగతాదానికి నేను ఒప్పుకుంటున్నా.

మెరిట్_ర్యాంకు | మంగళవారం, రాత్రి 10:25

అన్నా, ప్రాతినిధ్య హోదాలో 19 మందిలో ఎవరినో ఒకర్ని చేర్చాలన్నారు కదా వకీలుగారు. నన్ను చేర్చండి. పేరు విడిగా మెసేజ్ చేస్తాను. అడ్రసు ఇంటిది వద్దు, ఆఫీసుదే రాయండి, మూడో అంతస్తు, లిఫ్టు పక్క సెక్షన్. నోటీసు వచ్చిన రోజే సంతకం పెట్టి తీసుకుంటా, తిప్పి పంపను. 2019 ఇన్‌వార్డ్ కాపీ పెట్టి కౌంటర్ మాత్రం గట్టిగానే వేస్తా.

నాంపల్లి_సెక్షన్ | మంగళవారం, రాత్రి 10:31

వెయ్యండి అన్నా. నేను రెండో అంతస్తే.